మూకీ బొమ్మలో తల్లి చెయ్యి

నవంబరులో న్యూయార్క్ రాష్ట్రం పైభాగానికి వెళ్ళొద్దని ముందే చెబుతున్నాను. ఆకులన్నీ రాలిపోయి ఉంటాయి, మంచు ఇంకా సరిగ్గా పడి ఉండదు, చూడడానికంటూ ఏమీ ఉండదు. తప్పనిసరై వెళ్తే రైల్లో ఎడమవైపు కిటికీ పట్టుకోండి, హడ్సన్ నది అటే ఉంటుంది. ఉన్ని సాక్సులు రెండు జతలు వేసుకోండి. ఇద్దరు ముసలివాళ్ళని, అందులోనూ ఒకరితో ఒకరు మాట్లాడుకోని ముసలివాళ్ళని, వెంటబెట్టుకుని వెళ్ళేటట్టయితే మాత్రం నేను ఇవ్వగలిగిన సలహా ఏమీ లేదు.

నేను జెర్సీ సిటీలో నర్సుని. పెళ్ళి చేసుకోలేదు, మా ఇంట్లో పెరిగినవాళ్ళకి ఆ సరదా పుట్టదు. అమ్మ మార్తమ్మకి డెబ్బై దాటాయి, నాన్న యోహానుకి ఎనభై దగ్గర పడుతున్నాయి. రెండేళ్ళ కిందట ఇద్దరికీ గ్రీన్ కార్డు వచ్చింది, నా దగ్గరే ఉంటున్నారు. అపార్ట్‌మెంటులో ఒక గది నాదీ అమ్మదీ, ఇంకోటి నాన్నది. "మీ నాన్నని అన్నానికి రమ్మను" అంటుంది అమ్మ నాతో, ఆయన నా పక్కనే కూర్చుని ఉండగా. "మీ అమ్మని ఉప్పు ఇటు జరపమను" అంటాడు ఆయన. నాకు ఊహ తెలిసినప్పటినుంచీ ఇంతే. ఆసుపత్రిలో నర్సుని, ఇంట్లో దుబాసీని.

ఈ ప్రయాణానికి కారణం ఆదివారం పేపరు. నాన్న దాన్ని మొదటి అక్షరం నుంచి చివరి ప్రకటన దాకా వదలడు. పందొమ్మిదివందల ఎనభై రెండు అక్టోబరులో, ఒక ఆదివారం నేనూ అమ్మా చర్చి నుంచి వచ్చేసరికి వంటింటి బల్ల మీద పేపరు పరిచి, దానిమీద రెండు చేతులూ ఆనించి నిలబడి ఉన్నాడు. అగ్గిపెట్టంత ఫొటో. సిరక్యూజ్ అవతల ఒక కాలేజీ ఊళ్ళో పాత ఇటాలియన్ మూకీ సినిమాలు వేస్తున్నారట. ఫొటోలో ఒక దొరసాని, చిన్న మంచం మీదికి వంగి, పడుకున్న బిడ్డ నెత్తిన చెయ్యి పెట్టి ఉంది.

"ఇది నా బొమ్మే" అన్నాడు నాన్న. గొంతు వేరేగా ఉంది. "దొరసాని ఒట్టు."

చెప్పకపోతే మీకు అర్థం కాదు కాబట్టి చెబుతున్నాను. నాన్న పడుచుతనంలో గుడారపు సినిమాలకి కథ చెప్పేవాడు. అప్పట్లో బొమ్మకి మాట లేదు. తెర పక్కన ఒక మనిషి కర్ర పట్టుకుని నిలబడి, వీడు ఫలానా, అది వీడి పెళ్ళాం, ఇప్పుడు వీడికి ఒళ్ళు మండింది అని గొంతు చించుకుని చెప్పాలి. తెనాలి, రేపల్లె, బాపట్ల, అవతల బందరు దాకా నాన్న గొంతుకి పేరుండేది. ఈ ఇటలీ బొమ్మ దేశాలన్నీ తిరిగి, అరిగి, గీతలు పడి వీళ్ళ చేతికొచ్చింది. మధ్యమధ్య రాతలు వచ్చేవి. నాన్న మిషన్ స్కూల్లో చదివాడు, ఇంగ్లీషు వచ్చు. "అక్షరాలన్నీ ఇంగ్లీషువే, కూడబలుక్కుంటే ఒక్క ముక్కా ఇంగ్లీషు కాదు" అనేవాడు. అందుకని కళ్ళకి కనిపించినదాన్ని బట్టి కథ అల్లుకున్నాడు.

ఆయన అల్లిన కథ ఇది. దొరసాని ఎవరికీ చెప్పకుండా బండెక్కి ఒక ఇంటికి వెళ్ళొస్తూ ఉంటుంది. దొరకి అనుమానం వస్తుంది, నిలదీస్తాడు. ఆమె బిడ్డ నెత్తిన చెయ్యి పెడుతుంది. మనవాళ్ళలో బిడ్డ నెత్తిన చెయ్యి పెడితే ఒకటే అర్థం, ఒట్టు. "నేను ఏ పాపం ఎరగను, ఈ బిడ్డ మీద ఒట్టు!" అని నాన్న ఆడగొంతుతో అరిచేవాడు. తర్వాతి రీలులో బిడ్డ చచ్చిపోతుంది. గుడారంలో జనం ఊపిరి బిగబట్టేవాళ్ళు. దొంగ ఒట్టు బిడ్డని మింగింది చూడండర్రా అని నాన్న కర్రతో తెర మీద కొట్టేవాడు. డబ్బులు బాగా వచ్చాయి.

తర్వాత అదే మా ఇంట్లో జరిగింది. నాన్న గుడారంతో తిరిగి తిరిగి ఇంటికొచ్చినప్పుడు ఒకసారి, చర్చిలో హార్మోనియం వాయించే అతను మీ ఇంటికి వస్తున్నాడని ఎవరో చెవిలో ఊదారు. నాకన్నా ముందు పుట్టిన అన్న ఒకడుండేవాడు, నాలుగేళ్ళవాడు, చిట్టిబాబు. నాన్న వాణ్ణి తెచ్చి అమ్మ ముందు నిలబెట్టి, వీడి నెత్తిన చెయ్యి పెట్టి చెప్పమన్నాడు. అమ్మ పెట్టింది, చెప్పింది. వారం తిరక్కుండా చిట్టిబాబు గొంతువాపు జ్వరంతో పోయాడు.

ఊరంతా నాన్న చెప్పిన బొమ్మ చూసినవాళ్ళే. ఇంకెవరి సాక్ష్యం కావాలి! అచ్చం దొరసాని ఒట్టులాగే అయింది అన్నారు. నాన్న అమ్మని పుట్టింటికి తరమలేదు. అది మా అన్నయ్య మంచితనం అనేది హన్నమ్మ అత్త, నాన్న చెల్లెలు. ఇదంతా నాకు ఆవిడ చెప్పిందే. రెండేళ్ళకి నేను పుట్టాను. నాన్న నన్ను భుజం మీంచి దించేవాడు కాదు. నా జడలు మాత్రం హన్నమ్మ అత్తే వేసింది. అమ్మ ఒక్కసారి కూడా నా నెత్తి మీద చెయ్యి పెట్టలేదు. నూనె రాయలేదు, పేలు చూడలేదు. జ్వరం వస్తే మణికట్టు పట్టుకుని చూసేది.

ఇందులో తమాషా ఏమిటంటే, తనకి శిక్ష వేయించిన ఆ బొమ్మని అమ్మ చూడనే లేదు. సినిమాకి పోయిన ఆడవాళ్ళ పేర్లు పాస్టరుగారు ఆదివారం అందరిముందూ చదివే రోజులవి.

"వెళ్ళి చూడాలి" అన్నాడు నాన్న పేపరు మీంచి కళ్ళెత్తకుండా. "అందులో అసలేం రాశారో."

"నేనూ వస్తాను" అంది అమ్మ, కోటు గుండీలు తీస్తూ.

నాతో కాదు, ఆయనతో అంది. ఆయన ఎందుకు వెళ్తున్నాడో, ఆవిడ ఎందుకు వస్తున్నదో నాకు తెలుసు. మార్తా, నువ్వు నిజమే చెప్పావు అని చచ్చేలోపల ఒక్కసారి ఆయన నోట వినాలని ఆవిడ ఆశ. నేను మర్నాడే లీవు అడిగాను.

శుక్రవారం ఉదయం ఆరున్నరకి జర్నల్ స్క్వేర్‌లో న్యూయార్క్ వెళ్ళే పాత్ రైలు ఎక్కాం. ఆఫీసుల జనం. అమ్మ చీర మీద నా పాత పార్కా కోటు, కాళ్ళకి మగవాళ్ళ బూట్లు. నాన్న సూటు వేసుకుని టై కట్టుకున్నాడు, ఆయన చర్చికి కూడా టై కట్టడు. ముప్పై మూడో వీధిలో దిగి గ్రాండ్ సెంట్రల్ స్టేషన్‌కి టాక్సీ తీసుకున్నాం. నడవగలిగినవాళ్ళకి అది నడకే. పెద్దవాళ్ళకి టిక్కెట్టులో తగ్గింపు ఉంది, అడిగితేనే ఇస్తారు. రైలు తొమ్మిది దాటాక కదిలింది.

హడ్సన్ నది గురించి గొప్పగా రాసినవాళ్ళున్నారు. ఆ రోజు అది కడిగిన పలక రంగులో ఉంది. కొండలు బోడిగా ఉన్నాయి. అల్బనీ దాకా నాన్న కిటికీ వదల్లేదు, అమ్మ నడవవైపు సీటు వదల్లేదు, మధ్యలో నేను వెనక్కీ ముందుకీ తిరుగుతూ ఉన్నాను. రైల్లో కాఫీ ఉంటుంది, తాగకండి. మేము పులిహోర, కోడిగుడ్ల వేపుడు కట్టుకెళ్ళాం. వాసనకి ఎవరైనా మొహం చిట్లిస్తారేమోనని నాన్న బిక్కుబిక్కుమంటూ తిన్నాడు. అమ్మకి అలాంటి పట్టింపులు లేవు.

ముందుసీట్లో ఒక ముసలావిడ ఉన్ని అల్లుకుంటోంది. యూటికాలో వాళ్ళ చెల్లెలు ఉందట. అమ్మ చీరని చాలాసేపు మెచ్చుకుని, పెళ్ళయి ఎన్నేళ్ళయిందని అడిగింది. యాభై ఎనిమిది అన్నాను.

"యాభై ఎనిమిదా! ఆ రహస్యమేమిటో అడిగి చెప్పవా" అంది.

అడిగాను. అమ్మ గుడ్డు నములుతూ ఆలోచించి, "ఒకళ్ళ మాట ఒకళ్ళం వినం, అదే అని చెప్పు" అంది.

"ఓపిక అంటున్నది" అని ఇంగ్లీషులో చెప్పాను. ముసలావిడ తలూపి, మా ఆయనకి అదే లేకపోయింది అంది.

మూడు దాటాక సిరక్యూజ్‌లో దిగాం. అక్కణ్ణించి కాలేజీ ఊరికి బస్సు గంటంబావు. బస్‌స్టేషన్‌లో అమ్మ చీర చూసి ఒక కుర్రాడు పరిగెత్తుకుంటూ వచ్చాడు. కరీంనగర్ వైపువాడు, ఆ కాలేజీలోనే ఇంజనీరింగ్ చదువుతున్నాడు, మా బస్సుకే వచ్చాడు. ఎందుకొచ్చామో చెప్పాను.

"ఆంటీ, గీ చలిల సినిమా కోసమొచ్చిన్రా? అది గూడ మాటల్లేని సినిమానా?" అని నోరు తెరిచాడు. "మా రూంల వీసీఆర్ ఉంది, తెలుగు క్యాసెట్లున్నయ్. రాండ్రి, వేసి చూపిస్త."

"మాటలు నేను చెబుతాను బాబూ" అన్నాడు నాన్న. ఆ ప్రయాణంలో ఆయన నవ్వగా చూడడం అదొక్కసారే. తెనాలిలో గ్యాసు దీపాలు, చేత్తో తిప్పే మిషను, హార్మోనియం, తబలా అంటూ బస్సు కదిలినప్పటినుంచీ దిగేదాకా చెబుతూనే ఉన్నాడు. కుర్రాడు పాపం కళ్ళప్పగించి విన్నాడు. దొరసాని ఒట్టు కథ కూడా చెప్పాడు, అమ్మ వెనకసీట్లో ఉండగానే. బిడ్డ చచ్చిపోయే చోటికి వచ్చేసరికి ఆయన గొంతు పెరిగింది. అమ్మ కిటికీ అద్దం మీద పట్టిన ఆవిరి తుడుచుకుంది. నాకు ఆయన నోరు నొక్కేయాలనిపించింది.

మోటెల్ హైవే పక్కనే ఉంది. శుభ్రంగానే ఉంది, కానీ హీటరు ఒకటే రొద. ఎదురుగా డైనర్‌లో సూపూ బ్రెడ్డూ తిన్నాం. నాన్న తన గదిలోకి వెళ్ళిపోయాక అమ్మ బల్ల సొరుగు తెరిచి, అందులో ఉన్న ఇంగ్లీషు బైబిలు బయటికి తీసింది. ఆమెకి ఇంగ్లీషు చదవడం రాదు. ఒళ్ళో పెట్టుకుని పేజీలు తిప్పింది.

"అసలు ఒట్టే పెట్టుకోవద్దని ఇందులో ఉంటుంది" అంది. "నేను పెట్టాను."

"పెట్టమన్నది ఆయన."

"చెయ్యి నాదేగా. నిజమే చెప్పాను. అయినా పోయాడు. వద్దన్న పని చేసినందుకేమో మరి."

"అమ్మా, అది డిఫ్తీరియా. నాకు తెలుసు, నేను నర్సుని."

"నువ్వు అప్పటికి పుట్టలేదు" అని దుప్పటి కప్పుకుని అటు తిరిగి పడుకుంది. ఆయన అనుమానమే నాకు ఇన్నాళ్ళూ తెలుసు. ఆవిడకి తన చేతి మీదే అనుమానం ఉందని ఆ రాత్రి తెలిసింది. నా ఉద్యోగమే రోజంతా పరాయివాళ్ళ నుదుటి మీద చెయ్యి పెట్టడం. ఏడుపొచ్చింది, ఏడ్చాను.

శనివారం మధ్యాహ్నం రెండింటికి ఆట. హాలు కాలేజీ వెనకవైపు ఉంటుంది. గుర్తులేమీ లేవు, గంటస్తంభం దాటి ఎడమకి తిరగండి. నలభైమంది ఉంటారేమో, ఎక్కువమంది స్టూడెంట్లు. ఒక మూల పియానో. ఇంకో మూల చిన్న దీపం, మైకు. పాత ఫిల్ములు బాగుచేసే ఒక అమ్మాయి వచ్చి, రాతలన్నీ ఇటాలియన్‌లో ఉన్నాయి కాబట్టి తను పైకి ఇంగ్లీషులో చదువుతానని చెప్పింది.

నాన్న అమ్మ మీదుగా వంగి నా చెయ్యి నొక్కాడు. "చూశావా, ఇక్కడా కథ చెప్పే మనిషి కావాల్సొచ్చింది."

బొమ్మ మొదలైంది. నాన్న అమ్మకి ఇవతల, నేను అవతల. గీతలు, మరకలు, అయినా మనుషులు బాగానే కనిపిస్తున్నారు. దొరసాని పెద్ద కళ్ళ మనిషి. ఆమె ముసుగు వేసుకుని బండి ఎక్కగానే నాన్న కొద్దిగా ముందుకి వంగి, తెలుగులో, మెల్లగా అందుకున్నాడు. "ఇదుగో, బయల్దేరింది మహాతల్లి. ఎక్కడికి? మొగుడు ఊళ్ళో లేడు గదా!" ఆయన అమ్మకి చెబుతున్నాడు. యాభై ఏళ్ళలో ఆమెతో నేరుగా ఇన్ని మాటలు మాట్లాడడం నేనెప్పుడూ వినలేదు.

అప్పుడు మైకులో ఆ అమ్మాయి ఇంగ్లీషులో చదివింది, ఆమె చదివిందల్లా నేను అమ్మ చెవిలో తెలుగులో చెబుతూ వచ్చాను. "అక్కా, నిన్ను గడప తొక్కనివ్వొద్దని మా ఆయన ఆన. నేనే వస్తాను, మందు తెచ్చాను."

తెరమీద చీకటి గదిలో ఇంకో ఆడమనిషి, పక్కమీద, దగ్గుతూ. నాన్న మాట ఆగింది. ఈ ముక్క మా ప్రింటులో లేదే అన్నాడు తనలో తను. మళ్ళీ అందుకున్నాడు, గొంతు కాస్త పెరిగింది. ముందువరసలో ఎవరో వెనక్కి తిరిగి ఉష్ అన్నారు. 

దొర నిలదీసే చోటు వచ్చింది. దొర వేలు చూపిస్తాడు. దొరసాని మంచం దగ్గరికి వెళ్తుంది. వంగుతుంది. బిడ్డ నెత్తిన చెయ్యి పెడుతుంది. ఫొటోలో ఉన్నది అదే.

"ఈ బిడ్డ మీద ఒట్టు" అన్నాడు నాన్న.

"ఒళ్ళు కాలిపోతోంది. నన్ను తర్వాత తిట్టండి, ముందు డాక్టరుని పిలవండి" అని చదివింది ఆ అమ్మాయి.

అమ్మ నోట్లోంచి ఒక శబ్దం వచ్చింది. దగ్గూ కాదు, ఏడుపూ కాదు. తెరమీద దొర డాక్టరుని పిలవలేదు. టోపీ పెట్టుకుని, ఆమె ఎవరికోసం వెళ్తున్నదో కనిపెట్టడానికి ఆ ఇంటికి పరిగెత్తాడు. పక్కమీది రోగిష్ఠి మనిషిని చూసి తిరిగి వచ్చేసరికి బిడ్డ మొహం మీద గుడ్డ కప్పి ఉంది. దొరసాని బయటికి నడుస్తుంది. అక్కణ్ణించి ఫిల్ము చివికిపోయి తెల్లటి మచ్చలు బొమ్మని తినేశాయి. ఆమె మళ్ళీ వచ్చిందో లేదో ఎవరికీ తెలియదట, అంతవరకే మిగిలిందని చెప్పి ఆ అమ్మాయి దీపం ఆర్పింది.

బొమ్మ మంచి బొమ్మే. మీకు ఎక్కడైనా దొరికితే చూడండి.

జనం లేచిపోయారు. నాన్న మాత్రం చేతికర్ర పొడుచుకుంటూ నేరుగా ఆ అమ్మాయి దగ్గరికి వెళ్ళాడు. నేను వెనకాలే వెళ్ళాను. దేవుడా, ఇప్పుడైనా అనుకున్నాను.

"అమ్మా, ఈ రాతలు అసలువేనా?" అని ఇంగ్లీషులో అడిగాడు. "ఎవరూ మార్చలేదని చెప్పగలవా?"

ఆ అమ్మాయి నిజాయితీపరురాలు. కొన్ని రాతలు పాడైపోతే దొరికిన పాత కాగితాల్ని బట్టి కొత్తగా రాయించామని, పరదేశాలకి పంపిన ప్రింట్లలో ఒక్కోచోట మాటలు మార్చేవాళ్ళని, మీరు చూసిన ప్రింటులో ఏముందో తను చెప్పలేనని చెప్పింది. ఆమె తప్పేం లేదు. అడిగినదానికి సరిగ్గా జవాబు చెప్పింది. నాన్న ఆమెకి రెండుసార్లు థాంక్స్ చెప్పి, వచ్చినప్పటికంటే చురుగ్గా మెట్లు దిగాడు.

అమ్మ హాల్లో అదే సీట్లో కూర్చుని, తెల్ల తెర వైపు చూస్తూ ఉంది.

ఆదివారం పొద్దున్నే తిరుగు బస్సు ఎక్కాం. సన్నగా మంచు పడుతోంది. కరీంనగర్ కుర్రాడు స్టాండుకి వచ్చి మాకు ఆరెంజిలు ఇచ్చి, "బొమ్మ మంచిగుండెనా తాతా?" అని అడిగాడు. "మార్చేశారు" అన్నాడు నాన్న.

సిరక్యూజ్‌లో రైలు గంట ఆలస్యం. ఎదురెదురు సీట్లు దొరికాయి. నేనూ అమ్మా ఒకవైపు, నాన్న ఎదురుగా. తిరిగొచ్చేటప్పుడు నది కుడివైపు ఉంటుంది. అల్బనీ దాటింది. ఆరెంజిలు తిన్నాం. అప్పుడు నాన్న గొంతు సవరించుకున్నాడు.

"మీ అమ్మకి చెప్పు. ఆ డాక్టరు మాట తర్వాత రాయించింది అయ్యుంటుందని. ఆ అమ్మాయే ఒప్పుకుంది గదా."

"నేను చెప్పను" అన్నాను. నా ఒళ్ళు మండిపోతోంది.

"నాకు వినపడింది" అంది అమ్మ. నావైపు కాదు, ఆయనవైపు చూసింది. "నేనొకటి అడుగుతాను. చిట్టిబాబు నెత్తిన చెయ్యి పెట్టి నేనేమన్నానండీ?"

నాన్న ఆరెంజి తొక్కలు కాగితంలో చుట్టాడు.

"ఏ తప్పూ చెయ్యలేదన్నాను. దాని తర్వాత ఇంకోమాట అన్నాను. ఏమన్నాను?"

ఆయన నది వైపు చూశాడు.

"వీడి ఒళ్ళు కాలుతోందండీ అన్నాను. మాట మార్చకు అన్నారు మీరు."

ఇది నాకు తెలియదు. హన్నమ్మ అత్తకీ తెలియదేమో. గొంతువాపులో మందు మొదటి రోజు పడడానికీ మూడో రోజు పడడానికీ ఎంత తేడా ఉంటుందో నాకు బాగా తెలుసు. మిషన్ ఆసుపత్రి మా వీధి చివరే ఉండేదని కూడా తెలుసు. నేను నర్సుని కాకపోయినా బాగుండునని ఆ నిమిషంలో అనిపించింది.

అప్పుడు నాన్న అన్నాడు, కోపంగా కాదు, దాదాపు బతిమాలుతున్నట్టు. "నువ్వు అప్పుడే అన్నావో, నిన్న ఆ బొమ్మ చూశాక అన్నాననుకుంటున్నావో, నాకెట్లా తెలుస్తుంది మార్తా?"

అమ్మ మెల్లగా ఇటు తిరిగింది. ఆమె చెయ్యి లేచింది. నా నెత్తిమీదికి వచ్చింది. నాకు యాభై ఏళ్ళు. ఆ చెయ్యి నా నెత్తిన పడడం అదే మొదటిసారి. బరువుగా ఉంది, ఆరెంజి వాసన వేసింది.

"ఇదుగో, నాకు మిగిలిన ఒక్కదాని నెత్తిన పెట్టి చెబుతున్నాను" అంది. "నేను ఆ రోజు..."

"వద్దు!" అని అరిచాడు నాన్న. సీట్లోంచి ముందుకి పడ్డట్టు లేచి ఆమె మణికట్టు రెండు చేతులతో పట్టుకున్నాడు. "వద్దు మార్తా, తియ్యి! దాని మీంచి చెయ్యి తియ్యి!"

పెట్టెలో అందరూ తిరిగి చూశారు. కండక్టరు వచ్చి అంతా బాగానే ఉందా అని అడిగాడు. బాగానే ఉంది అన్నాను. మరేం చెప్పను?

నాన్నకి నామీద ఉన్న ప్రేమని నేనెన్నడూ శంకించలేదు, ఆ క్షణంలో కూడా. నాకేమైనా అవుతుందనే ఆయన భయం. కానీ నిజం చెప్పే మనిషి చెయ్యి నెత్తిన ఉంటే భయమెందుకు? ఆ సంగతి అమ్మకి వెంటనే అర్థమైంది. నాకూ అయింది. కొంచెం ఆలస్యంగా ఆయనకీ అయిందనుకుంటాను, ఆయన వేళ్ళు ఆమె మణికట్టు మీంచి ఒక్కొక్కటే ఊడిపోయాయి. సీట్లో వెనక్కి కూలబడ్డాడు. నువ్వు నిజమే చెప్పావు అనడానికి ఆయనకి అప్పుడు కూడా వ్యవధి ఉంది.

"చూశావుగా" అంది అమ్మ నాతో. కోపం లేదు. చెయ్యి తీసి ఒళ్ళో పెట్టుకుంది.

అంత దూరం వెళ్ళి ఏం చూశారంటే, మూడురోజుల ప్రయాణంలో ఒక బొమ్మ చూశాం, ఒక నది చూశాం, అనుమానానికి చావు లేదని చూశాం. దానికి రుజువు దొరికితే రుజువుని అనుమానిస్తుంది. ఇదంతా నేను అప్పుడు అనుకోలేదు, ఇప్పుడు రాస్తూ అనుకుంటున్నాను. అప్పుడు నేను చేసింది ఇది. అమ్మ చెయ్యి ఒళ్ళోంచి తీసుకుని, నాన్న చూస్తుండగానే, మళ్ళీ నా నెత్తిన పెట్టుకున్నాను.

"వద్దే" అంది అమ్మ.

"ఉండనీ. ఒట్టు వెయ్యొద్దు. ఊరికే ఉంచు."

నాన్న కళ్ళు మూసుకున్నాడు. రైలు నది వెంట పోతోంది. కాసేపు ఆ చెయ్యి కట్టెలా అలాగే ఉంది. తర్వాత వేళ్ళు మెల్లగా కదిలి, నా పాపిట వెతుక్కుని, అటూ ఇటూ జుట్టు విడదీసి చూశాయి.

"ఇంత నెరిసిందేంటే నీ జుట్టు" అంది అమ్మ.